టవర్ లేని రన్‌వే: జవాబు రాని రేడియోలో పైలట్లు ఏం మాట్లాడుకుంటారు?

సంక్షిప్తంగా: కంట్రోల్ టవర్ లేని విమానాశ్రయాల్లో పైలట్లు ఒకే ఫ్రీక్వెన్సీలో తాము ఎక్కడున్నదీ, ఏం చేయబోతున్నదీ చెప్పుకుంటూ దిగుతారు, ఎగురుతారు. ఆ ప్రకటన ఎవరికీ అనుమతి ఇవ్వదు, ఎవరినీ ఆపదు. ఎటు చూడాలో చెబుతుంది. అమెరికాలో 1996 నాటి క్విన్సీ ప్రమాదంలో మాట తెగిపోయింది. 2022 నాటి వాట్సన్‌విల్ ప్రమాదంలో మాటలన్నీ అందాయి, అయినా చాలలేదు. ఈ పద్ధతి ఎలా నడుస్తుందో, ఎక్కడ తప్పుతుందో ఈ రెండింటిలోనూ కనిపిస్తుంది.

శంషాబాద్‌లోనో గన్నవరంలోనో విమానం దిగాలంటే ముందు టవర్ నుంచి మాట రావాలి. అందుకే కంట్రోలరే లేని రన్‌వే అనగానే అదేదో అడ్డూ అదుపూ లేని చోటనిపిస్తుంది. అమెరికాలో అలాంటివే ఎక్కువ. అక్కడ ప్రజా వినియోగానికి తెరిచిన విమానాశ్రయాలు సుమారు 5 వేలుంటే, టవర్ ఉన్నవి 500 పైచిలుకు. టవర్ ఉన్నవాటిలోనూ కొన్ని రాత్రిపూట మూతపడతాయి. కంట్రోలర్ దీపం ఆర్పి ఇంటికెళ్లిన క్షణం నుంచి అదీ టవర్ లేని రన్‌వేనే.

ఘాట్ రోడ్డు మలుపు దగ్గర 'హారన్ కొట్టండి' అని బోర్డు ఉంటుంది. హారన్ కొట్టినంత మాత్రాన ముందు వెళ్లే హక్కు రాదు. ఇటునుంచి బండి వస్తోందని అవతలివాడికి తెలుస్తుంది, అంతే. టవర్ లేనిచోట రేడియో చేసేదీ దాదాపు ఆ పనే. కాకపోతే హారన్ ఏ దిక్కున మోగిందో చెవి పట్టేస్తుంది. హెడ్‌సెట్‌లో మాత్రం ఎక్కడి గొంతైనా ఒకేలా వినిపిస్తుంది, కాబట్టి దిక్కూ దూరమూ ఎత్తూ నోటితో చెప్పాల్సిందే.

ఏ ఫ్రీక్వెన్సీలో మాట్లాడాలి?

ఒక విమానాశ్రయం దగ్గర తిరిగేవారంతా కలిసే ఫ్రీక్వెన్సీని 'సీటాఫ్' అంటారు. కామన్ ట్రాఫిక్ అడ్వైజరీ ఫ్రీక్వెన్సీకి అది పొట్టి పేరు. పైలట్లు వాడే సెక్షనల్ చార్టులో టవర్ ఉన్న విమానాశ్రయం నీలి రంగులో, లేనిది మెజెంటాలో ఉంటుంది. పక్కన ఉన్న అంకెల్లో దేనికి గుండ్రటి వలయంలో 'సి' అక్షరం ఉంటే అదే సీటాఫ్.

చాలాచోట్ల సీటాఫ్‌గా యూనికామ్ ఫ్రీక్వెన్సీనే వాడతారు: 122.7, 122.725, 122.8, 122.975, 123.0, 123.05, 123.075 మెగాహెర్ట్జ్‌లలో ఒకటి. కింద ఏ రేడియో స్టేషనూ లేనిచోట మల్టీకామ్ అనే 122.9. యూనికామ్‌లో పలికేది సాధారణంగా విమానాలకు ఇంధనం అమ్మే కౌంటర్ మనిషి. గాలి ఎటు వీస్తోందో, మిగతావాళ్లు ఏ రన్‌వే వాడుతున్నారో ఆయన చెప్పవచ్చు. 'వచ్చేయండి' అని ఆయన అన్నా అది అనుమతి కిందికి రాదు.

అసలు విమానంలో రేడియో ఉండి తీరాలనే నిబంధన కూడా ఇలాంటి చాలా విమానాశ్రయాలకు లేదు. మాట్లాడమనీ, ఎలా మాట్లాడాలనీ అమెరికా విమానయాన నియంత్రణ సంస్థ ఫెడరల్ ఏవియేషన్ అడ్మినిస్ట్రేషన్, అంటే ఎఫ్ఏఏ, గట్టిగా సూచిస్తుంది. తాజా సలహా పత్రం '90-66సి' 2023 జూన్‌లో వచ్చింది. చట్టంగా అమలయ్యేది మాత్రం ఎవరు ఎవరికి దారి ఇవ్వాలన్న నియమమే: దిగుతున్న విమానానికి మొదటి హక్కు, ఇద్దరు దిగడానికి వస్తుంటే తక్కువ ఎత్తులో ఉన్నవారిది ముందు. అలాగని ఆ వంకతో కిందికి జారి ఇంకొకరి ముందు దూరకూడదనీ అదే నియమం చెబుతుంది.

ఊరి పేరు రెండుసార్లు ఎందుకు?

ప్రతి ప్రకటన ఊరి పేరుతో మొదలై ఊరి పేరుతోనే ముగియాలన్నది సూచన. కొత్తవారికి ఇది చాదస్తంగా తోస్తుంది. లెక్క చూస్తే విషయం బోధపడుతుంది.

విమానాల వీహెచ్ఎఫ్ రేడియో 118 నుంచి 137 మెగాహెర్ట్జ్ మధ్య, ఏఎం పద్ధతిలో పనిచేస్తుంది. ఆ తరంగాలు దాదాపు చూపు ఆనినంత మేర సూటిగా పోతాయి. అడుగుల్లో ఉన్న ఎత్తుకు వర్గమూలం కట్టి 1.23తో గుణిస్తే రేడియో అందే దూరం నాటికల్ మైళ్లలో వస్తుంది. ఒక నాటికల్ మైలు 1.85 కిలోమీటర్లు. 3,000 అడుగుల ఎత్తులో ఉన్న విమానానికి ఆ దూరం 67 మైళ్లు. రెండు విమానాలూ అదే ఎత్తులో ఉంటే ఒకరి మాట మరొకరికి 135 మైళ్ల వరకూ, అంటే 250 కిలోమీటర్ల దాకా అందే వీలుంది. ఇంచుమించు హైదరాబాద్ నుంచి విజయవాడకు ఉన్నంత దూరం. ఆ వలయంలో 122.8ను పంచుకునే విమానాశ్రయాలు ఎన్నైనా ఉండవచ్చు. సెలవురోజు, ఆకాశం తేటగా ఉన్న ఉదయం అందరూ గాల్లోనే ఉంటారు, ఆ ఫ్రీక్వెన్సీ సంతలా ఉంటుంది.

ఊరి పేరు ఒక్కసారే చెబితే ఏమవుతుంది? బటన్ నొక్కిన వెంటనే మాట మొదలుపెడితే తొలి పదం ఎగిరిపోతుంది. అవతల 'ట్రాఫిక్' అన్న దగ్గర్నుంచే వినిపిస్తుంది. చివర్లో ఊరి పేరు లేకపోతే ఆ విమానం తమ ఊళ్లోనిదో, 60 మైళ్ల అవతలిదో వినేవాడికి అంతుబట్టదు.

ఏఎం పద్ధతిలో ఇద్దరు ఒకేసారి మాట్లాడితే ఒకరి మాటా తేలదు, కీచుమనే ఈల వినిపిస్తుంది. విచిత్రమేమిటంటే మాట్లాడిన ఆ ఇద్దరికీ ఈ సంగతి తెలియదు. మైక్ బటన్ నొక్కినంతసేపూ సొంత రేడియో వినడం మానేస్తుంది. నేల మీద ఉన్నవారి తంటా ఇంకోలా ఉంటుంది. యాంటెనా నేలకు ఎనిమిది అడుగుల ఎత్తులో ఉంటే పై లెక్క ప్రకారం అందే దూరం మూడున్నర మైళ్లే. పక్కపక్క ఊళ్లలో నేల మీదున్న ఇద్దరు పైలట్లు ఒకరినొకరు వినలేరు, కానీ పైన ఎగిరేవాడికి ఇద్దరి మాటలూ కలగాపులగంగా వినిపిస్తాయి. రన్‌వే మధ్యలో మిట్ట ఉన్నచోట రెండు కొసల్లో నిలిచిన విమానాలు ఒకదానికొకటి కనబడవు. కొన్నిసార్లు వినబడవు కూడా.

ఏం చెప్పాలి, ఎప్పుడు చెప్పాలి?

దిగడానికి వచ్చేవారు పది మైళ్ల దూరం నుంచే మొదలుపెట్టాలి. అంతకు ముందే కాసేపు వినాలి. అప్పటికే ముగ్గురు ఒక రన్‌వే వాడుతుంటే నాలుగోవాడు దానికి ఎదురు కొసను ఎంచుకోవడానికి కారణం ఉండదు. విన్నాక తొలి ప్రకటన ఇలా ఉంటుంది:

"క్విన్సీ ట్రాఫిక్, స్కైహాక్ వన్ టూ త్రీ ఫోర్ పాపా, టెన్ మైల్స్ సౌత్, టూ థౌజండ్ ఫైవ్ హండ్రెడ్, ఇన్‌బౌండ్ ల్యాండింగ్ రన్‌వే త్రీ వన్, క్విన్సీ."

ఇందులో ఆరు ముక్కలున్నాయి: ఎవరిని ఉద్దేశించి, ఎవరు, ఎక్కడ, ఎంత ఎత్తులో, ఏం చేయబోతున్నారు, మళ్లీ ఊరి పేరు. ఆపైన రన్‌వేకు సమాంతరంగా సాగే డౌన్‌విండ్‌లోకి 45 డిగ్రీల కోణంలో చేరేటప్పుడు ఒకసారి, రన్‌వేకు అడ్డంగా సాగే బేస్‌కు తిరిగేటప్పుడు, రన్‌వేకు సూటిగా వచ్చే ఫైనల్‌కు తిరిగేటప్పుడు, చివరకు రన్‌వే ఖాళీ చేశాక చెప్పాలి. చిన్న విమానాలు చుట్టే ఆ వలయం సాధారణంగా నేలకు 1,000 అడుగుల ఎత్తులో, పెద్దవి, జెట్‌లు చుట్టేది 1,500 అడుగుల ఎత్తులో ఉంటుంది. వేరే సూచన లేకపోతే మలుపులన్నీ ఎడమకే. వలయం ఆకారం, ఎత్తు అందరికీ ముందే తెలిసి ఉండటం వల్ల 'లెఫ్ట్ డౌన్‌విండ్' అన్న రెండు మాటలకే వినేవాడు ఆకాశంలో ఒక చిన్న ముక్కవైపు తల తిప్పగలుగుతాడు. మాట పొదుపు సాధ్యమయ్యేది అందుకే.

ఎగిరేవారు ఇంజిన్ వేసిన దగ్గర్నుంచి పది మైళ్లు దాటేదాకా అదే ఫ్రీక్వెన్సీలో ఉండాలి.

'ఎనీ ట్రాఫిక్ ఇన్ ద ఏరియా, ప్లీజ్ అడ్వైజ్' అనే మాట చాలాచోట్ల వినిపిస్తుంది. ఈ వాక్యాన్ని ఎట్టి పరిస్థితుల్లోనూ వాడవద్దని ఎఫ్ఏఏ సమాచార సంపుటి స్పష్టంగా రాసింది. అర్థం చేసుకోవడం కష్టం కాదు. ఎవరున్నారో చెప్పమని అడిగితే అయిదుగురు ఒక్కసారి బటన్ నొక్కుతారు, మిగిలేది ఈల. పైగా వచ్చేవాడు ముందుగా వినలేదని కూడా అది బయటపెడుతుంది. 'టేకింగ్ ది యాక్టివ్', అంటే వాడుకలో ఉన్న రన్‌వే ఎక్కుతున్నాననడమూ అంతే. టవర్ లేనిచోట ఫలానా రన్‌వేనే వాడాలని నిర్ణయించేవారు ఉండరు, కాబట్టి రన్‌వే అంకె చెప్పాలి. గాలి లేని రోజుల్లో ఇద్దరు ఎదురెదురు కొసలను 'యాక్టివ్' అనుకోవడానికి ఏ అడ్డంకీ లేదు.

ఇన్‌స్ట్రుమెంట్లను నమ్ముకుని వచ్చే పైలట్లది వేరే చిక్కు. వారు దూరపు రాడార్ కంట్రోలర్‌తో మాట్లాడుతూ వస్తారు. ఫ్రీక్వెన్సీ మార్చుకోమని ఆయన అనేసరికి రన్‌వే కొన్ని మైళ్లే మిగలవచ్చు. అప్పుడు వచ్చే తొలి ప్రకటనలో చార్టు మీద గుర్తించిన బిందువు, అంటే వేపాయింట్ పేరు ఉంటుంది. ఆ అయిదక్షరాల పేరు చార్టులో ఎక్కడుందో శిక్షణలో ఉన్న సెస్నా కుర్రాడికి తెలియదు. 'ఉత్తరాన అయిదు మైళ్లు' అంటే తెలుస్తుంది.

క్విన్సీ: ఒకరిని అడిగితే మరొకరు పలికారు

1996 నవంబరు 19, ఇల్లినాయ్ రాష్ట్రంలోని క్విన్సీ. చీకటి పడుతున్న వేళ యునైటెడ్ ఎక్స్‌ప్రెస్ 5925 అనే బీచ్‌క్రాఫ్ట్ 1900సి రన్‌వే 13 మీద దిగడానికి వస్తోంది. దాన్ని ఖండించే రన్‌వే 04 కొసలో ఒక కింగ్ ఎయిర్, దాని వెనక ఒక పైపర్ చెరొకీ ఎగరడానికి ఉన్నాయి. రన్‌వే 04 తీసుకుంటున్నట్టు కింగ్ ఎయిర్ అంతకుముందే చెప్పింది.

రన్‌వే 04 మీదున్న విమానం ఆగుతుందా, ఎగురుతుందా అని బీచ్‌క్రాఫ్ట్ సిబ్బంది రేడియోలో అడిగారు. కింగ్ ఎయిర్ నుంచి జవాబు లేదు. వెనకనున్న చెరొకీ పైలట్ పలికాడు, తాను ఆగి ఉన్నానని. ఆ మాట చివర్లో బీచ్‌క్రాఫ్ట్ కాక్‌పిట్‌లో ఎత్తు గురించి హెచ్చరించే పరికరం 'టూ హండ్రెడ్' అని గట్టిగా పలికింది, చెరొకీ మాట సగం దాని కింద పడిపోయింది. ముందున్న విమానమే ఆగుతానంటోందని బీచ్‌క్రాఫ్ట్ కెప్టెన్ అనుకుని కృతజ్ఞతలు కూడా చెప్పింది. ఆ పొరపాటును సరిదిద్దే మాట ఎవరి నోటా రాలేదు. కింగ్ ఎయిర్ పరుగు మొదలుపెట్టింది. రెండు రన్‌వేలు కలిసేచోట విమానాలు గుద్దుకున్నాయి. మొత్తం 14 మంది చనిపోయారు. బీచ్‌క్రాఫ్ట్‌లో ఉన్నవారు ఢీకొన్న దెబ్బకు చనిపోలేదు. తలుపు తెరుచుకోక పొగలో ఊపిరాడక పోయారు.

జాతీయ రవాణా భద్రతా మండలి, ఎన్‌టీఎస్‌బీ, ప్రధాన కారణంగా తేల్చినది కింగ్ ఎయిర్‌లోని పైలట్లు సీటాఫ్‌ను సరిగా వినకపోవడం లేదా బయటకు సరిగా చూడకపోవడం. తెగిపోయిన చెరొకీ ప్రకటనను దోహదం చేసిన అంశంగా చూపింది.

ఇందులో సూక్ష్మం ఒకటుంది. ప్రశ్నలో విమానం పేరు లేదు. జవాబులో ఉన్నా వినేవారు తమకు కావలసిన మాటనే పట్టుకున్నారు. టవర్ ఉన్నచోట ఇలాంటి జవాబును కంట్రోలర్ విని అక్కడికక్కడే సరిదిద్దుతాడు. ఇక్కడ ఆ మూడో చెవి లేదు. కాబట్టి అడిగేవాడు కాల్‌సైన్‌తో, అంటే ఆ విమానం పేరు పెట్టి అడగాలి. తాను అడిగిన విమానమే పలికిందని తేలనంతవరకు మౌనంగానూ, సగం మాటగానూ వచ్చిన దేన్నైనా 'కాదు' కిందే లెక్కేసుకుని గో-అరౌండ్ చేయడం, అంటే దిగడం మానుకుని మళ్లీ పైకి లేవడం తక్కువ ఖర్చు.

వాట్సన్‌విల్: అందరూ మాట్లాడారు

2022 ఆగస్టు 18న కాలిఫోర్నియాలోని వాట్సన్‌విల్‌లో జరిగింది దీనికి పూర్తి భిన్నం. ఒక్క పైలట్‌తో వలయంలో తిరుగుతున్న చిన్న సెస్నా 152, దూరం నుంచి సూటిగా రన్‌వే 20కి వస్తున్న రెండు ఇంజిన్ల సెస్నా 340. రెండూ సీటాఫ్‌లోనే ఉన్నాయి. పెద్దది పది మైళ్ల దగ్గర చెప్పింది, మూడు మైళ్ల దగ్గర చెప్పింది. చిన్నది బేస్‌కు తిరుగుతూ చెప్పింది. వెనక నుంచి వేగంగా వస్తున్నదాన్ని గమనించి గో-అరౌండ్ అని కూడా ప్రకటించింది. అయినా రన్‌వే ముంగిట, తక్కువ ఎత్తులో రెండూ ఢీకొన్నాయి. ముగ్గురు చనిపోయారు.

పెద్ద విమానం మామూలుగా దిగే వేగానికి దాదాపు రెట్టింపు వేగంతో, 180 నాట్ల చుట్టూ వచ్చింది (నాట్ అంటే గంటకు ఒక నాటికల్ మైలు). 'మూడు మైళ్ల ఫైనల్' అన్న మాట ఇక్కడే మోసం చేస్తుంది. 65 నాట్లతో దిగే సెస్నా 152కు మూడు మైళ్లంటే రెండు నిమిషాల 46 సెకన్లు. 180 నాట్లకు సరిగ్గా ఒక నిమిషం. చిన్న విమానం నడిపేవాడు తన గడియారంతో లెక్కేస్తే బేస్ తిరిగి, ఫైనల్‌కు వచ్చి, దిగి, పక్కకు తప్పుకోవడానికి కూడా వ్యవధి దాదాపు ఉన్నట్టే. వాస్తవంలో అందులో మూడో వంతే ఉంది. రేడియో దూరాన్ని చేరవేసింది, కాలాన్ని చేరవేయలేదు.

వెనక నుంచి వచ్చేవాడి ఇబ్బందీ చూడాలి. తనకంటే కింద, పొలాలూ ఇళ్లూ వెనక పెట్టుకుని, ఒకే దిశలో పోతున్న చిన్న విమానం కళ్లకు కదలనట్టే ఉంటుంది. కదలనిదాన్ని కన్ను పట్టదు. ఎదురుగా ఉన్న విమానాన్ని చూసి, అది ఢీకొనే దారిలో ఉందని గుర్తించి, తప్పించడానికి సగటున 12.5 సెకన్లు పడుతుందని ఎఫ్ఏఏ పత్రాలు లెక్కగట్టాయి. 180 నాట్ల వేగంలో ఆ 12.5 సెకన్లలో విమానం కిలోమీటరు పైనే దూసుకుపోతుంది. పెద్ద విమానం పైలట్ రెండోదాన్ని చూసి తప్పించలేకపోవడమే కారణమనీ, ఆ వేగంతో సూటిగా రావాలన్న నిర్ణయం దానికి తోడైందనీ ఎన్‌టీఎస్‌బీ తేల్చింది. సూటి ఫైనల్‌ను చట్టం నిషేధించలేదు. అప్పటికే వలయంలో ఉన్నవారి క్రమాన్ని చెడగొట్టవద్దన్నది ఎఫ్ఏఏ సలహా. ఆచరణలో వేగం తగ్గించాలి, లేదా వలయంలో చేరి వంతు కోసం ఆగాలి.

మైక్ దగ్గర జరిగే పొరపాట్లు

ప్రమాదాల దాకా వెళ్లని తప్పులు రోజూ జరుగుతాయి. ఎక్కువసార్లు కనబడేది 122.7కు బదులు 122.8 పెట్టుకోవడం, లేదా ఆడియో ప్యానెల్‌లో రెండో రేడియోకు మైక్ కలిపి మొదటి రేడియోలో వినడం. పైలట్ పద్ధతి ప్రకారం అన్నీ చెబుతూనే ఉంటాడు, వేరే ఊరివాళ్లు వింటుంటారు. జవాబు రాదు కాబట్టి తప్పు తెలియదు. టవర్‌తో ఈ తప్పు మొదటి పది సెకన్లలోనే బయటపడుతుంది. ఇక్కడ దిగేదాకా బయటపడకపోవచ్చు.

బటన్ ఇరుక్కుపోతే నష్టం అందరిదీ. చేతి మైక్ సీటు సందులో పడి నొక్కుకుపోవడం దీనికి పాత కారణం. ఆ విమానం గొంతూ ఇంజిన్ హోరూ ఫ్రీక్వెన్సీని కబ్జా చేస్తాయి. ఆ పైలట్‌కు మాత్రం రేడియో ప్రశాంతంగా ఉన్నట్టే ఉంటుంది. బాగా రద్దీగా ఉండాల్సిన వేళ ఫ్రీక్వెన్సీ మరీ నిశ్శబ్దంగా ఉంటే రేడియో తెర మీద ప్రసారం జరుగుతోందని చెప్పే 'టీఎక్స్' గుర్తు వెలుగుతోందేమో చూడాలి. కొత్త రేడియోల్లో కొన్ని అర నిమిషం దాటితే వాటంతటవే ఆపేస్తాయి.

రాత్రిపూట ఒక చిన్న పరీక్ష చేతిలోనే ఉంటుంది. చాలా విమానాశ్రయాల్లో రన్‌వే దీపాలు మైక్ బటన్‌తో వెలుగుతాయి: అయిదు సెకన్లలో ఏడుసార్లు నొక్కితే పూర్తి వెలుగు, అయిదుసార్లకు మధ్యస్థం, మూడుసార్లకు తక్కువ. 15 నిమిషాల తర్వాత ఆరిపోతాయి. దీపాల ఫ్రీక్వెన్సీ సీటాఫే అయినచోట అవి వెలగకపోతే మొదట అనుమానించాల్సింది ఫ్రీక్వెన్సీనే.

ఇతర దేశాల దారులు

ఆస్ట్రేలియా ఈ జవాబు లేని లోటును యంత్రంతో పూడ్చింది. అక్కడ కొన్ని విమానాశ్రయాల్లో ఒక పెట్టె ఫ్రీక్వెన్సీని వింటూ ఉంటుంది. గత అయిదు నిమిషాల్లో ఎవరూ మాట్లాడి ఉండకపోతే ఊరి పేరు పలుకుతుంది, మాట్లాడి ఉంటే చిన్న బీప్ ఇస్తుంది. ఫ్రీక్వెన్సీ సరైనదేనని పైలట్‌కు తెలిసిపోతుంది. ఏ ఫ్రీక్వెన్సీ కేటాయించని చోట అక్కడ 126.7 వాడతారు. కెనడాలో కొన్ని విమానాశ్రయాల చుట్టూ రేడియో తప్పనిసరి, దాన్ని 'మ్యాండేటరీ ఫ్రీక్వెన్సీ' అనే పిలుస్తారు. బ్రిటన్‌లో సొంత ఫ్రీక్వెన్సీ లేని మైదానాలకు 135.480 మీద 'సేఫ్టీకామ్' ఉంది.

భారత్‌లో మాట్లాడటానికి పైలట్‌కు రేడియో లైసెన్స్ కావాలి. ఆ పరీక్షలో అభ్యర్థి సంభాషణంతా ఒక కంట్రోలర్‌ను ఎదుట ఊహించుకుని సాగుతుంది: అడగడం, అనుమతి పొందడం, దాన్ని తిరిగి అప్పజెప్పడం. అమెరికాకు శిక్షణకు వెళ్లే తెలుగు విద్యార్థి టవర్ లేని మైదానంలో మొదటిసారి బటన్ నొక్కాక జవాబు కోసం చెవి ఒగ్గి కూర్చోవడం సహజమే. దేశంలోపలి ప్రయాణాలకు రేడియో లైసెన్స్ అడగని ఆ దేశంలో, అప్పజెప్పాల్సిన పాఠమేదీ ఉండదు. చెప్పి, వెంటనే బయటకు చూడాలి.

రేడియో లేనివారు

1940ల నాటి పైపర్ కబ్ వంటి విమానాల్లో కొన్నింటికి విద్యుత్ వ్యవస్థే ఉండదు. తమ స్థానాన్ని తామే ప్రసారం చేసే ఏడీఎస్-బీ పరికరాన్ని 2020 జనవరి 1 నుంచి కొన్ని గగనతలాల్లో తప్పనిసరి చేసినప్పుడు కూడా వీటికి మినహాయింపు దొరికింది. కాబట్టి ఇవి తెర మీద కనబడవు, చెవికి వినబడవు. చట్టప్రకారం ఆ రన్‌వే మీద వీటికీ సమాన హక్కే.

అందువల్ల టవర్ లేని మైదానాల్లో అనుభవమున్నవారు రన్‌వే మీదికి ఎక్కే ముందు విమానాన్ని నేరుగా ఆపరు. ముక్కు కొంచెం ఫైనల్ వైపు తిరిగేలా ఏటవాలుగా ఆపి, రెక్క అడ్డు లేకుండా పైనుంచి కిందిదాకా ఆ దారంతా చూస్తారు. ఆ తర్వాత ఎదురు కొస, రన్‌వేలు ఖండించుకునే చోటైతే రెండో రన్‌వే రెండు కొసలూ. బటన్ నొక్కడం ఆ తర్వాత.